సిగెత్వార్ ముట్టడి సాహిత్యం: ఇరుపక్షాల సాక్ష్యం

హిజ్రీ 974వ సంవత్సరం సఫర్ మాసంలో, అనగా 1566 సెప్టెంబరు మొదటి వారంలో, హంగేరీ దక్షిణ భాగంలోని సిగెత్వార్ అనే సరిహద్దు కోట ఉస్మానియా సైన్యాల వశమయింది. కోట పడిపోవడానికి కొన్ని గంటల ముందు, కోట బయటి శిబిరంలో, సుల్తాన్ సులేమాన్ ఖానూనీ అనారోగ్యంతో కన్నుమూశాడు. మరునాడు ఆ కోటను కాపాడుతున్న నికొలా జ్రిన్‌స్కీ, మిగిలిన కొద్దిమంది మనుషులతో ద్వారం తెరుచుకొని బయటికి వచ్చి, పోరాడుతూ నేలకొరిగాడు. గంటల వ్యవధిలో సంభవించిన ఈ రెండు మరణాల చుట్టూ రెండు సాహిత్యాలు పెరిగాయి. ఒకటి తుర్కీ భాషలో వెలసినది. మరొకటి క్రొయేషియన్, హంగేరియన్, లాటిన్, జర్మన్ భాషలలో వ్యాపించినది. రెండూ తమ తమ మృతుణ్ణి ఒకే అర్థం గల మాటతో గౌరవించాయి. అరబ్బీలోని 'షహీద్' అన్నా, గ్రీకు నుండి యూరపు భాషలకు సంక్రమించిన 'మార్టిర్' అన్నా ధాత్వర్థం ఒక్కటే: సాక్షి.

సాక్షి అని పిలిచిన తరువాత అడగవలసిన ప్రశ్న ఒకటి మిగిలి ఉంటుంది. ఆ సాక్ష్యం దేనికి? ఎవరి పక్షాన? నాలుగు శతాబ్దాలకు పైగా ఈ ముట్టడిని గురించి వెలువడిన రచనలలో చాలా భాగం ఈ ప్రశ్నను దాటవేశాయి. ఒక పక్షానికి సిగెత్వార్ క్రైస్తవ యూరపును నిలబెట్టిన గోడ. మరొక పక్షానికి అది ఘనుడైన సుల్తాన్ చేసిన చివరి గజా. ఈ రెండు నినాదాలనూ పక్కన పెట్టి మూల రచనలను దగ్గర పెట్టుకొని చదివితే, ఇరుపక్షాల ఉత్తమ రచయితలూ తమ పక్షం వినడానికి ఇష్టపడని సంగతులు చెప్పిన చోటనే వారి రచన బలంగా ఉందని తెలుస్తుంది.

కోట, కాలం

హంగేరియన్ భాషలో 'సిగెత్' అంటే ద్వీపం, 'వార్' అంటే కోట. ఆల్మాష్ అనే వాగు నీటిని నిలువగట్టి, చుట్టూ చిత్తడి నేలను ఏర్పరచి, దాని నడుమ కట్టిన దుర్గమిది. పాత పట్టణం, కొత్త పట్టణం, లోపలి కోట అని మూడు భాగాలు. ఒకదాని నుండి మరొకదానికి వంతెనలు. 1526లో మొహాచ్ యుద్ధం, 1541లో బుడా పట్టణం ఉస్మానియాల వశం కావడం, వీటి తరువాత హంగేరీ మూడు ముక్కలయింది. ఒక ముక్క హాబ్స్‌బర్గ్ చక్రవర్తిది, మధ్య భాగం సుల్తాన్‌ది, తూర్పున సుల్తాన్‌కు లోబడిన ట్రాన్సిల్వేనియా. సిగెత్వార్ మొదటి రెండింటి సరిహద్దులో ఉండేది.

1566 మే 1న సులేమాన్ ఇస్తాంబుల్ నుండి బయలుదేరాడు. అప్పటికి ఆయన వయస్సు 71 సంవత్సరాలు, పాలన 46వ సంవత్సరంలో ఉంది. కీళ్ళవాతం వల్ల గుర్రమెక్కి కూర్చోవడమే కష్టంగా ఉండేది. మొదట లక్ష్యం ఎగెర్ కోట అనీ, షిక్లోష్ దగ్గర జ్రిన్‌స్కీ మనుషులు ఉస్మానియా శిబిరంపై దాడి చేసి ఒక సంజక్ అధిపతిని చంపిన వార్త విని సైన్యాన్ని సిగెత్వార్ వైపు మళ్ళించారనీ సాధారణంగా చెప్పే కథనం. ఆగస్టు మొదటి వారంలో ముట్టడి ఆరంభమయింది. కోటలో ఉన్నవారు సుమారు 2300 మంది, ఎక్కువగా క్రొయేషియన్లు, హంగేరియన్లు. కొత్త పట్టణం ఆగస్టు 9న, పాత పట్టణం 19న పడిపోయాయి. లోపలి కోట మరి రెండు వారాలకు పైగా నిలిచింది. జ్యోర్ పరిసరాలలో పెద్ద సైన్యంతో విడిది చేసి ఉన్న చక్రవర్తి రెండవ మాక్సిమిలియన్ సహాయానికి రాలేదు.

ఇవీ సంగతులు. వీటిని ఎవరు చూశారు, ఎవరు వ్రాశారు అన్నది తరువాతి ప్రశ్న.

కోటలోని సాక్షి

కోట లోపలి నుండి బ్రతికి బయటపడి వ్రాసినవాడు ఫెరెన్స్ చర్న్‌కో. ఇతడు జ్రిన్‌స్కీ దగ్గర అంతరంగిక పరిచారకుడు. కోట పడినప్పుడు పట్టుబడి, తరువాత పరిహారం చెల్లించగా విడుదలై, తాను చూసినది క్రొయేషియన్ భాషలో చిన్న గ్రంథంగా వ్రాశాడు. 1568లోనే దాని లాటిన్ రూపాన్ని సామ్యూల్ బుదీనా వియన్నాలో ప్రచురించాడు. యూరపులో సిగెత్వార్ కథ వ్యాపించడానికి ఇదే ప్రధానమైన ఊట.

చర్న్‌కో రచనలో అలంకారం తక్కువ. ఏ రోజు ఏ బురుజు మీద ఫిరంగులు పేలాయో, ఎవరు చనిపోయారో, ఏ వంతెన తగలబడిందో వరుసగా చెప్పుకుపోతాడు. క్రమశిక్షణ తప్పిన తమ సైనికుడికి జ్రిన్‌స్కీ మరణదండన విధించిన సంగతి దాచలేదు. చివరి రోజు వర్ణన ఎక్కువమందికి తెలిసినది. జ్రిన్‌స్కీ కవచం వద్దని మంచి దుస్తులు ధరించాడు. కోట తాళంచెవులు తన దగ్గర పెట్టుకున్నాడు. తనను చంపినవాడు తన దగ్గర ఏమీ దొరకలేదని అనరాదని నూరు బంగారు నాణేలు దుస్తులలో ఉంచుకున్నాడు. ఉన్న ఖడ్గాలలో తండ్రి నుండి వచ్చిన పాతదాన్ని ఏరుకున్నాడు.

ఈ దృశ్యాన్ని తరువాతి రచయితలు మతావేశంతో నింపారు. కాని అందులోని నూరు నాణేల సంగతి గమనించదగినది. అది ఒక ప్రభువు తన గౌరవాన్ని గురించి పడిన ఆలోచన. తన శవాన్ని శోధించబోయే శత్రు సైనికుణ్ణి కూడా ఆ ప్రభువు లెక్కలోకి తీసుకున్నాడు. సరిహద్దున తరతరాలుగా ఎదురెదురుగా బ్రతికినవారికే ఇటువంటి ఆలోచన తడుతుంది. శత్రువు అతనికి పేరు లేని భూతం కాదు. తన బంగారం తీసుకోబోయే మనిషి. ఆ సంగతిని పరిచారకుడు చూశాడు, చూసినట్టే చెప్పాడు.

హదీసు శాస్త్రంలో రావీలను పరీక్షించే పద్ధతి ఇక్కడ ఉపయోగపడుతుంది. ఉల్లేఖించినవాడు సంఘటన స్థలంలో ఉన్నాడా? అతని జ్ఞాపకం నమ్మదగినదేనా? చెప్పేదానిలో అతని ప్రయోజనం ఉందా? బిద్‌అత్ వాది ఉల్లేఖనం సైతం, అది అతని వాదానికి బలం చేకూర్చేది కానప్పుడు స్వీకరించవచ్చునని అనేకమంది ముహద్దిసులు అభిప్రాయపడ్డారు. ఈ సూత్రాన్ని అనుసరిస్తే, తన ప్రభువు వీరత్వాన్ని గూర్చి చర్న్‌కో చెప్పే మాటలను ఒకింత జాగ్రత్తతో వినాలి. చక్రవర్తి సైన్యం రాకపోవడాన్ని గురించి, కోటలోని మరణదండనను గురించి చెప్పే మాటలను మాత్రం నిస్సంశయంగా తీసుకోవచ్చును. వాటివల్ల అతనికి గాని, అతని యజమాని కుటుంబానికి గాని లాభం లేదు.

శిబిరంలోని సాక్షులు

ఉస్మానియా పక్షాన ప్రధానమైన రచన ఫరీదూన్ అహ్మద్ బే గ్రంథం. పేరు 'నుజ్‌హతె అస్రారుల్ అఖ్‌యార్ దర్ అఖ్‌బారె సఫరె సిగెత్వార్'. ఫరీదూన్ ప్రధాన వజీరు సొకొల్లు ముహమ్మద్ పాషాకు ఆంతరంగిక కార్యదర్శి; ముట్టడి కాలమంతా పాషా వెంట ఉన్నవాడు. గ్రంథం 1568-69 ప్రాంతంలో పూర్తయింది. దాని చిత్రప్రతి ఇస్తాంబుల్ తోప్‌కాపీ ప్రాసాద గ్రంథాలయంలో ఉన్నది. నక్కాష్ ఉస్మాన్ చిత్రించిన కోట దృశ్యంలో నీటి నడుమ ఉన్న దుర్గ భాగాలు పైనుండి చూసినట్టు స్పష్టంగా కనిపిస్తాయి. ఆ చిత్రాన్ని యుద్ధ నివేదికగా కూడా చదవవచ్చును.

గ్రంథం పేరులోని 'అస్రార్', అనగా రహస్యాలు, యాదృచ్ఛికం కాదేమో. సులేమాన్ మరణించిన సంగతి ఆ రాత్రి తెలిసిన కొద్దిమందిలో ఫరీదూన్ ఒకడు. యువరాజు సలీం అప్పుడు దూరాన కుతాహియాలో ఉన్నాడు. వార్త పొక్కితే సైన్యం చెదిరిపోతుందని, గెలిచిన కోట చేజారుతుందని సొకొల్లు భయపడ్డాడు. సుల్తాన్ భౌతికకాయాన్ని శిబిరంలోనే తాత్కాలికంగా ఖననం చేశారు. ఆజ్ఞలు యథాప్రకారం సుల్తాన్ పేరిటే వెలువడ్డాయి. సుమారు 48 రోజులు ఆ పెద్ద సైన్యం ఒక మృతుని పేరు మీద నడిచింది.

ఫరీదూన్ దృష్టిలో ఇది తన యజమాని దక్షతకు నిదర్శనం. గ్రంథం చదివితే ముట్టడి కథానాయకుడు సుల్తాన్ కన్నా సొకొల్లుయే అనిపించడానికి కారణమదే. ఇక్కడ రావీకి ప్రయోజనం ఉన్నది. రెండవ సలీం పాలనలో కూడా వజీరు పదవిలో నిలిచిన యజమానికి ఆ గ్రంథం ఒక ప్రశంసాపత్రం వంటిది. ఫరీదూన్ కూడా 1570లో రయీసుల్ కుత్తాబ్, 1573లో నిషాంజీ పదవులు అందుకున్నాడు. పైగా ఇతడే 1575లో మూడవ మురాద్‌కు సమర్పించిన 'మున్షఆతుస్సలాతీన్' అనే లేఖా సంకలనంలో తొలి సుల్తానుల పేరిట చేర్చిన ఉత్తరాలలో కొన్ని అసలైనవి కావని, పూర్వపు ఖ్వారజ్మ్ లేఖా గ్రంథాల నుండి పేర్లు మార్చి తెచ్చినవని ఆధునిక తుర్కీ పరిశోధకులు నిరూపించారు. అటువంటి రావీని జరహ్ వ తఅదీల్ పండితుడు ఎంత జాగ్రత్తగా చూస్తాడో అంత జాగ్రత్తగా చూడవలసిందే. కళ్ళారా చూసిన సిగెత్వార్ విషయంలో అతని మాటకు విలువ ఉన్నది. యజమాని తెలివిని పొగిడే చోట ఆ విలువ తగ్గుతుంది.

ఫరీదూన్ చెప్పనిది సలానికీ ముస్తఫా చరిత్రలో దొరుకుతుంది. సలానికీ కూడా ఆ దండయాత్రలో పాల్గొన్నవాడే, కాని అతని కలం ఒక యజమాని ఇంటి కలం కాదు. బెల్‌గ్రేడ్ సమీపంలో సుల్తాన్ వాహనం చుట్టూ హాఫిజులు ఖుర్ఆన్ పఠనం ఆరంభించగానే సైన్యానికి విషయం అర్థమై రోదన చెలరేగిన సందర్భం హృదయాన్ని కదిలిస్తుంది. ఆ వెంటనే కథ మరొక దారి పడుతుంది. కొత్త సుల్తాన్ సింహాసనం ఎక్కినప్పుడు ఇవ్వవలసిన బహుమానం కోసం సైనికులు అలజడి చేశారు. అదే సంవత్సరం చివర ఇస్తాంబుల్ ప్రవేశించే వేళ జానిసరీ దళాలు దారి అడ్డగించి సొమ్ము కోసం పట్టుబట్టాయి. ఏ సైన్యం గజా చేసి వచ్చిందో, ఏ సైన్యం తన పాదుషా కోసం ఏడ్చిందో, అదే సైన్యం కొన్ని వారాలకు తన కొత్త పాదుషాను వీధిలో నిలబెట్టింది.

ఈ సంగతి చెప్పడం వల్ల సలానికీకి లాభం లేదు, అతని పక్షానికి గౌరవమూ లేదు. ఫిఖ్హ్ శాస్త్రంలో సాక్ష్యాలన్నిటిలో బలమైనది ఇఖ్‌రార్, అనగా తనకు వ్యతిరేకంగా తానే ఒప్పుకోవడం. సలానికీ పుటలు ఒక సామ్రాజ్యం పక్షాన చేసిన ఇఖ్‌రార్ వంటివి. విజయ లేఖలన్నీ పక్కన పెట్టినా ఈ పుటలు నిలుస్తాయి.

కవుల సాక్ష్యం

గద్యం నుండి పద్యానికి వస్తే ఇరుపక్షాల నడుమ తేడా పెరుగుతుంది. ఉస్మానియా కవి బాఖీ సులేమాన్ మరణంపై వ్రాసిన మర్సియా తుర్కీ సాహిత్యంలో సుప్రసిద్ధం. కీర్తి వలలో చిక్కుకున్న మనిషికి హెచ్చరికతో ఆరంభమై, గతించిన పాదుషాను స్మరించి, కొత్త పాదుషా వైపు తిరిగే రచన అది. అందులో బాఖీ సులేమాన్‌కు గాజీ అనీ షహీద్ అనీ రెండు గౌరవాలనూ కలిపి ఇచ్చాడు.

ఇక్కడ ఫిఖ్హ్ తెలిసిన పాఠకుడు ఆగుతాడు. యుద్ధభూమిలో శత్రువు చేతిలో హతుడైన షహీద్‌కు హనఫీ మతం ప్రకారం గుస్ల్ లేదు. నెత్తుటి బట్టలతోనే ఖననం. గుడారంలో వ్యాధితో మరణించిన పాదుషాకు ఆ నియమం వర్తించదు. అయితే దైవమార్గంలో బయలుదేరి మరణించినవాడు, ఉదర వ్యాధితో మరణించినవాడు కూడా పరలోక పుణ్యం దృష్ట్యా షహీదులేనని సహీహ్ హదీసులలో ఉన్నది. బాఖీ మాట ఈ రెండవ అర్థంలో చెల్లుతుంది. పండితుడైన కవికి ఈ తేడా తెలియనిది కాదు. తరువాత వచ్చిన కీర్తిగాయకులు మాత్రం రెండు అర్థాలనూ కలిపివేసి, సుల్తాన్ కత్తి పట్టి పోరాడుతూ మరణించినట్టు శ్రోతకు తోచేలా చేశారు.

మరొక పక్షాన ఉన్నది పెద్ద కావ్యం. కోటను కాపాడినవాని మునిమనుమడు, అదే పేరు గలవాడు, జ్రీనీ మిక్లోష్ (1620-1664) హంగేరియన్ భాషలో 15 సర్గల కావ్యం వ్రాసి 1651లో వియన్నాలో ప్రచురించాడు. ఈ కవి స్వయంగా సైన్యాధిపతి, సరిహద్దులో ఉస్మానియాలతో జీవితమంతా పోరాడినవాడు. ఇటలీ కవి టాసో ప్రభావం కావ్యంపై స్పష్టంగా ఉన్నది.

ఈ కావ్యంలో మెచ్చదగినవి మూడున్నాయి. ఒకటి దాని ఆరంభం. దేవుడు సులేమాన్‌ను హంగేరీ మీదికి పంపడానికి కారణం హంగేరియన్ల పాపాలే అని కవి చెబుతాడు. శత్రువు దుర్మార్గంతో కథ మొదలుపెట్టక తన జాతి అపరాధంతో మొదలుపెట్టాడు. రెండవది సులేమాన్ పాత్ర. మతం విషయంలో కవి ద్వేషం దాచుకోలేదు, అయినా ఆ పాదుషా ధైర్యాన్ని, వివేకాన్ని ఒప్పుకున్నాడు. మూడవది కావ్యానికి వ్రాసిన పీఠిక. చరిత్రలో కల్పనను కలిపానని కవి దాపరికం లేకుండా చెప్పుకున్నాడు. చివరి సర్గలో జ్రిన్‌స్కీ తన చేతితోనే సులేమాన్‌ను చంపినట్టు వ్రాశాడు. ఇది చరిత్రకు విరుద్ధం. కాని క్రొయేషియన్, ఇటాలియన్ కథనాలను అనుసరించి ఇలా వ్రాశాననీ, ఇతర చరిత్రకారులు వేరుగా చెప్పారనీ కూడా పీఠికలోనే తెలిపాడు. హదీసు భాషలో చెప్పాలంటే మత్న్ బలహీనమే, కాని రావీ తన సనద్‌ను దాచలేదు. పాఠకుణ్ణి మోసగించని అబద్ధం కావ్యానికి అనుమతించిన అబద్ధం.

లోపాలూ ఉన్నవి. సులేమాన్ కుమార్తెగా కల్పించిన జుమిల్లా, తాతారు వీరుడు దెలిమాన్‌ల ప్రేమకథ ఉస్మానియా శిబిరాన్ని ఇటలీ కావ్యాలలోని మోహవనంగా మార్చివేసింది. జీవితమంతా ముస్లింలకు ఎదురుగా గడిపిన కవికి ఆ శిబిరంలో జరిగే నమాజు, రోజువారీ క్రమం తెలియనివి కావు. అయినా స్త్రీల ప్రసక్తి వచ్చేసరికి తాను చూసినది వదిలి, తాను చదివినదాన్ని నమ్మాడు. ముస్లింలను 'పొగాన్', అనగా విగ్రహారాధకులు, అని పదే పదే పిలవడం కూడా అటువంటిదే. విగ్రహాన్ని సహించని మతాన్ని విగ్రహారాధన అనడం అజ్ఞానం కాదు, అలవాటు. న్యాయంగా చెప్పాలంటే ఉస్మానియా లేఖకులు కూడా అదే తప్పు చేశారు. షరీఅత్ క్రైస్తవులను అహ్లె కితాబ్‌గా గుర్తించింది. కాని ప్రాస కోసం వ్రాసిన విజయ లేఖలలో వారు నికృష్టులైన కాఫిర్లుగా తప్ప కనిపించరు. ప్రాస ఫిఖ్హ్‌ను మింగివేసింది.

తరువాత జరిగిన వక్రీకరణ

జ్రీనీ మిక్లోష్ తమ్ముడు పేతర్ జ్రిన్‌స్కీ ఆ కావ్యాన్ని క్రొయేషియన్ భాషలోకి తెచ్చి 1660లో వెనిస్‌లో ప్రచురించాడు. అనువాదంలో క్రొయేషియన్ వీరులకు ప్రాధాన్యం పెరిగింది. అంతకన్నా ముఖ్యమైనది ఆ అనువాదకుని అంతం. హాబ్స్‌బర్గ్ చక్రవర్తిపై కుట్ర చేశాడని 1671 ఏప్రిల్ 30న వీనర్ నోయ్‌స్టాట్‌లో పేతర్ తల నరికారు. ఆ కుట్రలో భాగంగా అతడు సహాయం కోరి రాయబారం నడిపినది ఉస్మానియా సుల్తాన్‌తోనే. సిగెత్వార్‌లో సుల్తాన్‌ను ఎదిరించి చనిపోయినవాని మునిమనుమడు సుల్తాన్ అండ కోరి, ఏ చక్రవర్తి కోసం ముత్తాత ప్రాణం ఇచ్చాడో ఆ వంశపు చక్రవర్తి చేతిలోనే చనిపోయాడు. సిగెత్వార్‌ను క్రైస్తవానికి, ఇస్లాంకు నడుమ కట్టిన గోడగా చెప్పేవారు ఈ అధ్యాయాన్ని సాధారణంగా చదవరు.

అసలు 1566లోనే ఆ గోడ అంత సూటిగా లేదు. దండయాత్ర మధ్యలో బెల్‌గ్రేడ్ సమీపాన జెమున్‌లో సులేమాన్ ఎదుట వినమ్రుడై నిలిచిన యానోష్ జిగ్మొంద్ క్రైస్తవ రాజు. ముట్టడిని నడిపిన సొకొల్లు ముహమ్మద్ పాషా బోస్నియాలో సెర్బియన్ క్రైస్తవ కుటుంబంలో పుట్టి, బాల్యంలో దెవ్‌షిర్మే పద్ధతిలో ఇస్తాంబుల్‌కు తేబడినవాడు. పుట్టుకను బట్టి చూస్తే కోట లోపలి నాయకుడికీ బయటి నాయకుడికీ మాతృభాషలు దగ్గరివి. కోట పడిన తరువాత చిక్కినవారిలో కొందరి ప్రాణాలను, వారి ధైర్యాన్ని మెచ్చి, జానిసరీలే కాపాడారని యూరపు కథనాలే చెబుతున్నవి. జ్రిన్‌స్కీ తలను చక్రవర్తి శిబిరానికి పంపారు. మొండేన్ని మాత్రం, ఒకప్పుడు అతని దగ్గర బందీగా ఉండి మంచి మర్యాద పొందిన ఒక తుర్కీ సైనికుడు గౌరవంగా పాతిపెట్టాడన్న కథనం ఉన్నది.

19వ శతాబ్దంలో ఇవన్నీ పక్కకు తప్పుకున్నవి. 1812లో జర్మన్ యువకవి థియోడర్ క్యోర్నర్ 'జ్రీనీ' నాటకం వ్రాశాడు. అప్పటి జర్మన్ ప్రేక్షకుడికి నాటకంలోని సులేమాన్ వెనుక నెపోలియన్ కనిపించాడు. 1876లో ఇవాన్ జైత్స్ సంగీత నాటకం జాగ్రెబ్‌లో ప్రదర్శితమయింది. అది క్రొయేషియన్ జాతీయభావానికి ఊతమయింది. ఇందులో ఏదీ తప్పని చెప్పనక్కరలేదు. ప్రతి జాతీ తన అవసరం కొద్దీ పాత కథను వాడుకుంటుంది. కాని ఈ రచనల్లో సరిహద్దు లేదు, రంగస్థలం మాత్రమే ఉన్నది. చర్న్‌కో చూసిన నూరు నాణేలకు అక్కడ చోటు తక్కువ. తుర్కీలో వెలువడిన జనరంజక చరిత్రలలోనూ ఇదే జరిగింది. సలానికీ వ్రాసిన బహుమానపు గొడవ పోయి, పాదుషా చివరి గజా మాత్రం మిగిలింది.

పెచెవీ పద్ధతి

ఈ రెండు సాహిత్యాల నడుమ నిలిచిన చరిత్రకారుడు ఒకడున్నాడు. ఇబ్రాహీం పెచెవీ, సిగెత్వార్‌కు దగ్గరలోని పెచ్ పట్టణంలో ముట్టడి జరిగిన కొన్నేళ్ళకు పుట్టినవాడు. తల్లి వైపు నుండి సొకొల్లు వంశానికి చెందినవాడు. తన చరిత్ర వ్రాసేటప్పుడు ఉస్మానియా గ్రంథాలతోపాటు హంగేరియన్ చరిత్రకారుల రచనలను కూడా తెప్పించుకొని ఉపయోగించాడు. ఆ కాలపు ఉస్మానియా చరిత్రకారులలో ఇది అరుదు. ఎదుటి పక్షం ఏమంటున్నదో విని వ్రాయడం న్యాయాధిపతి లక్షణం. ఒక పక్షం మాట మాత్రమే విని తీర్పు చెప్పరాదన్నది ఖాజీకి మొదటి పాఠం. పెచెవీ అంతటా ఆ ప్రమాణాన్ని నిలబెట్టుకోలేకపోయి ఉండవచ్చు. కాని దారి చూపాడు.

సిగెత్వార్ 1689 వరకు ఉస్మానియా పాలనలో ఉన్నది. సులేమాన్ శిబిరం వెలసిన చోట కట్టిన సమాధి భవనం 1690ల ఆరంభంలో కూల్చివేయబడింది. ఆయన గుండె, ఇతర అవయవాలు అక్కడ పాతిపెట్టారని జనశ్రుతి. శరీరం మాత్రం ఇస్తాంబుల్‌లో సులేమానియా మసీదు పక్కన ఉన్నది. ఆ సమాధి ఉన్న చోటు ఒక చర్చి స్థలమని చాలా కాలం నమ్మి, అక్కడ గుర్తు ఫలకం కూడా పెట్టారు. 2015 నుండి జరిగిన తవ్వకాలలో పట్టణానికి దగ్గరలోని ద్రాక్షతోటల కొండపై సమాధి, మసీదు, దర్వేషుల మఠం పునాదులు బయటపడడంతో ఆ నమ్మకం సడలింది. జనశ్రుతి ఎంత పాతదైనా నేలను అడగవలసి వచ్చింది. సాహిత్యం విషయంలోనూ అంతే.

తెలుగులోకి తేవలసి వస్తే

ఈ ముట్టడి సాహిత్యాన్ని తెలుగులోకి తేవాలనుకునే అనువాదకుడికి మొదటి చిక్కు 'షహీద్' దగ్గరే వస్తుంది. చేతికి వెంటనే అందే మాట 'వీరస్వర్గం'. అది యుద్ధంలో చనిపోయినవానికి అప్సరసలు స్వాగతం పలికే లోకం. జ్రిన్‌స్కీకి గాని సులేమాన్‌కు గాని చెందినది కాదు. 'అమరుడు' అన్న మాటలో చావు లేదన్న భావం ఉన్నది గాని సాక్ష్యం లేదు. 'బలిదానం' అన్నప్పుడు అర్పణ ఉన్నది, చూసి చెప్పడం లేదు. కనుక షహీద్ అన్న మాటను అలాగే ఉంచి, మొదటిసారి వచ్చిన చోట సాక్షి అనే అర్థం చెప్పడం మేలు. జ్రిన్‌స్కీకి వాడిన 'మార్టిర్'కు కూడా అదే పద్ధతి పాటించాలి. ఒకరికి షహీద్ అని, మరొకరికి 'మతోన్మాదంతో మరణించినవాడు' అని వ్రాస్తే అనువాదకుడు మూడవ పక్షంగా యుద్ధంలో దిగినట్టే. అలాగే 'పొగాన్', 'కాఫిర్' మాటలను మెత్తబరచడమూ తగదు. తిట్టును తిట్టుగానే చూపాలి. ఎవరు ఎవరిని ఏమన్నారో పాఠకుడికి తెలియకపోతే ఎవరు ఏమి ఒప్పుకున్నారో కూడా తెలియదు.

రెండవ చిక్కు ఎంపికలో ఉన్నది. ముస్లిం పాఠకుల కోసం వెలువడే రచనలలో సిగెత్వార్ పేరు వచ్చిన చోటల్లా సులేమాన్ ఘనతే ప్రధానమవుతుంది. ఆ ఘనతను కాదనేవారు లేరు. కాని దివ్య ఖుర్ఆన్ నిసా అధ్యాయం 135వ ఆయత్ విశ్వాసులను న్యాయం పక్షాన సాక్షులుగా నిలవమని ఆదేశిస్తూ, ఆ సాక్ష్యం తమకూ తమవారికీ వ్యతిరేకమైనా సరే అని చెప్పింది. మాయిదా అధ్యాయం 8వ ఆయత్ ఒక జాతిపై గల ద్వేషం కూడా న్యాయం తప్పడానికి కారణం కారాదని హెచ్చరించింది. ఈ రెండు ఆయత్‌ల వెలుగులో చూస్తే ముస్లిం పాఠకుడు ముందుగా చదవవలసినది విజయ లేఖలను కాదు, సలానికీ చరిత్రను. పక్కనే పెట్టుకొని చదవవలసినది చర్న్‌కో చిన్న గ్రంథాన్ని. ఒకటి గెలిచిన సైన్యం సొమ్ము కోసం తన పాదుషాకు దారి అడ్డగించిన సంగతి చెబుతుంది. మరొకటి ఓడిపోతున్న ప్రభువు తనను చంపబోయేవాని కోసం నాణేలు లెక్కపెట్టుకున్న సంగతి చెబుతుంది.

ఈ రెండు గ్రంథాలు ఒకే సంపుటంగా, ఒకదానికొకటి ఎదురుగా, మూలభాషల నుండి తెలుగులోకి రావడం అవసరం. జ్రీనీ కావ్యం ఆ తరువాత రావచ్చు, తన పీఠికతో సహా. పీఠిక లేకుండా కావ్యాన్ని ప్రచురిస్తే మాత్రం, కవి దాచని కల్పనను ప్రచురణకర్తలు దాచినట్టవుతుంది.